పెళ్ళి వీడియో నుంచి సినిమా, సీరియల్, యాడ్ దాకా: కెమెరామన్‌కు కావాల్సింది టైం లెక్క

హనుమకొండ నుంచి ఒక తమ్ముడు అడిగిన ప్రశ్న ఇది. ఐదేళ్ళుగా పెళ్ళిళ్ళు, జానపద పాటలు తీస్తున్నాడు. సినిమా, సీరియల్, వెబ్ సిరీస్, యాడ్ ఏదిచ్చినా చేయగల సినిమాటోగ్రాఫర్ కావాలనుంది. చేతిలో నాలుగు లక్షలున్నాయి. వాటితో కెమెరా కొనాలా, హైదరాబాద్ పోయి అసిస్టెంట్‌గా చేరాలా, ఇన్‌స్టిట్యూట్‌లో చదవాలా అని అడుగుతున్నాడు.

తమ్మీ, సూటిగా చెప్తా. కెమెరా కొనకు. ఆ పైసల్లో పదో వంతుతో ఒక లైట్ మీటర్ (వెలుగు కొలిచే పనిముట్టు), ఒక గ్రే కార్డు (రంగు సరిచూసుకునే బూడిద రంగు అట్ట), నాలుగు థర్మకోల్ షీట్లు, ఐదారు గజాల మందపాటి నల్లబట్ట కొను. మిగతాది హైదరాబాద్‌లో గది కిరాయికి దాచుకో. అసిస్టెంట్‌గా చేరిన కొత్తలో వచ్చే బేటాతో (రోజు భత్యంతో) నెల గడవదు. కెమెరా మూడు నాలుగేళ్ళకు పాతబడుతుంది, ఎవరు కావాలన్నా రోజు కిరాయికి దొరుకుతుంది. మీటర్ మాత్రం ఇరవై ఏళ్ళు నీ జేబులోనే ఉంటుంది.

ఇక అన్నీ చేయగలగడం సంగతి. దీన్ని చాలామంది ఎక్కువ కెమెరాలు తెలిసుండడం అనుకుంటారు. ఆరి అలెక్సా కెమెరా మెనూ ఒక పూటలో వస్తుంది, సోనీ వెనిస్‌ది ఇంకో పూటలో వస్తుంది. ఏళ్ళు పట్టేది టైం లెక్క. సినిమాలో రోజంతా పనిచేస్తే చివరికి తెరమీదికి వచ్చేది 2-3 నిమిషాలు. వెబ్ సిరీస్‌లో 4-6 నిమిషాలు. డైలీ సీరియల్‌లో రోజుకు దాదాపు ఒక ఎపిసోడ్, అంటే 20 నిమిషాలు తయారు కావాలి. యాడ్‌లో 30 సెకన్ల కోసం ఒకటి రెండు రోజులు. 12 గంటల పనిలో భోజనం, మొదటి సెటప్ తీసేస్తే 600 నిమిషాలు మిగులుతాయి. 20 షాట్లు తీయాలంటే షాట్‌కు 30 నిమిషాలు, 75 తీయాలంటే 8 నిమిషాలు. అదే గది, అదే కిటికీ, అవే రెండు ముఖాలు. 8 నిమిషాల్లో ఏ లైటు తప్పనిసరి, 30 నిమిషాలుంటే ఏది కలపాలి అన్నది తడుముకోకుండా తేల్చగలిగినవాడికి ఏ పనైనా వస్తుంది.

సీరియల్‌తో మొదలుపెడతా, ఎందుకంటే దాన్ని తక్కువగా చూసేవాళ్ళు ఎక్కువ. సీరియల్ సెట్‌లో ముఖానికి కాదు, జాగాకు లైటు పెట్టాలి. రెండు మూడు కెమెరాలు ఒకేసారి తిరుగుతుంటే ఒకదానికి కీ (ముఖానికి ప్రధాన వెలుగు) అయిన లైటు ఇంకోదానికి ఫ్రేంలో కనబడుతుంది. అందుకని లైట్లన్నీ పైకి పోవాలి. ఇద్దరు ఎదురెదురుగా మాట్లాడే సీనుకు క్రాస్ కీ అన్నిటికన్నా నమ్మకం: గది వెనక రెండు మూలల్లో, మనిషి తలకు మూడు నాలుగు అడుగుల పైన, ట్రేసింగ్ పేపర్ గుండా రెండు పెద్ద లైట్లు. ఎడమ మూల లైటు కుడివైపు మనిషి ముఖానికి కీ, ఎడమవైపు మనిషి వీపుకు బ్యాక్‌లైట్. కుడి మూలది దీనికి తిరగేసి. రెండు లైట్లతో నాలుగు లైట్ల పని అవుతుంది.

ఇది ఎక్కడ చెడుతుందంటే, మూడో పాత్ర వచ్చి ఇద్దరి నడుమ కెమెరాకేసి నిలబడ్డప్పుడు. రెండు చెంపల అంచులూ వెలిగి, ముక్కూ నోరూ ఉన్న నడిమి భాగం చీకటైపోతుంది. అప్పుడు లైటు తెమ్మని కేకేస్తే 15 నిమిషాలు పోతాయి. కెమెరాల తలమీద వెలుగును తిప్పికొట్టే ఒక థర్మకోల్ బౌన్స్‌ను కీ కన్నా రెండు స్టాప్‌లు (ఒక స్టాప్ అంటే వెలుగు రెట్టింపు లేదా సగం కావడం) తక్కువగా పొద్దున్నే కట్టి ఉంచుకోవాలి. బూమ్ (మైకు కర్ర) నీడ గోడమీద పడితే లైటు జోలికి పోకు. నటులను గోడ నుంచి నాలుగడుగులు ముందుకు తెమ్మని డైరెక్టర్‌ను అడుగు, నీడ నేలమీదికి జారిపోతుంది. ఆటో వైట్ బ్యాలెన్స్ మాత్రం అన్ని కెమెరాల్లోనూ ఆఫ్. ఒకే గ్రే కార్డును ఒకే లైటు కింద అన్నిటికీ చూపించి, కెల్విన్ (వెలుగు రంగు కొలత) అంకె చేత్తో పెట్టాలి. లేకపోతే ఒక కట్‌లో అత్తగారు పచ్చగా, ఇంకో కట్‌లో గులాబీగా ఉంటుంది, ఎడిటర్ రాత్రంతా దానితోనే కొట్లాడతాడు.

సినిమాలో షాట్‌కు అరగంట ఉందంటే మురిసిపోయేది ఏమీ లేదు. అక్కడ అడిగేది పొంతన. సీనంతా కనబడే మాస్టర్ షాట్ పొద్దున 8 గంటలకు తీస్తావు, హీరో క్లోజప్ సాయంత్రం 5కు తీస్తావు, తెరమీద అవి ఒకే నిమిషంలో జరిగినట్టుండాలి. దానికి ప్రతి సెటప్‌కూ కాగితం కావాలి: కీ రీడింగ్, ఫిల్ (నీడవైపు నింపే వెలుగు) రీడింగ్, లెన్స్, స్టాప్ (ఇక్కడ లెన్స్ రంధ్రం అంకె), కెమెరా ఎత్తు, నటుడి దూరం, కలర్ టెంపరేచర్, ఫిల్టర్. కీకి ఫిల్‌కు తేడా ఒక స్టాప్ అయితే 2:1, రెండైతే 4:1, మూడైతే 8:1. కుటుంబ కథలో పగటి సీను 2:1 దగ్గర హాయిగా ఉంటుంది. 8:1కు పోతే కథలో ఏదో చెడు జరగబోతోందని చూసేవాడికి ముందే తెలిసిపోతుంది. ఈ అంకెలను కంటితో కాక మీటర్‌తో కొలిచే అలవాటు చేసుకో. మానిటర్ ఎండలో ఒకలా, టెంటులో ఒకలా కనబడి మోసం చేస్తుంది.

పెళ్ళి పని నీకు ఇచ్చింది తక్కువేం కాదు. జరగబోయేది ముందే పసిగట్టడం, అడ్డొచ్చిన చుట్టాలను తప్పించుకుంటూ ఫ్రేం కట్టడం, రెండో టేక్ లేకుండా పట్టుకోవడం. డాక్యుమెంటరీకి, జాతరలాంటి జనం సీన్లకు ఇవే కావాలి. కానీ అక్కడి నాలుగు అలవాట్లు సెట్‌లో దెబ్బతీస్తాయి. మొదటిది, ఎప్పుడూ ఎఫ్ 1.8 దగ్గరే, అంటే లెన్స్ రంధ్రం బాగా తెరిచి తీయడం. రెండోది, ఆటోఫోకస్ మీద బతకడం. మూడోది, కారణం లేకున్నా గింబల్ (కెమెరా కుదుపు ఆపే పరికరం) మీద తిరగడం. నాలుగోది స్లో మోషన్, దీని గురించి కాస్త వివరంగా చెప్పాలి.

మన కరెంటు 50 హెర్ట్జ్. ట్యూబ్‌లైటు, చవక ఎల్ఈడీ బల్బు సెకనుకు 100 సార్లు ఎక్కువ తక్కువ అవుతుంటాయి. సెకనుకు 25 ఫ్రేంలు తీస్తూ షట్టర్ (ఒక్కో ఫ్రేం మీద వెలుగు పడే సమయం) 1/50 సెకను పెడితే ఒక్కో ఫ్రేంలో సరిగ్గా రెండు వెలుగులు పడతాయి, బొమ్మ నిలకడగా ఉంటుంది. సినిమాకు 24 ఫ్రేంలు తీసేటప్పుడు అదే 1/50 రావాలంటే షట్టర్ కోణం 172.8 డిగ్రీలు. 180 దగ్గర వదిలేస్తే 1/48 అవుతుంది, ట్యూబ్‌లైటు కింద బొమ్మ సన్నగా అదురుతుంది. ఇక ఫంక్షన్ హాల్లో 100 ఫ్రేంలు, 1/200 పెట్టావంటే ఒక్కో ఫ్రేంకు సగం వెలుగే దొరుకుతుంది, ఫ్రేం మీద అడ్డంగా చారలు పాకుతాయి. తర్వాత ఏ సాఫ్ట్‌వేర్‌తోనూ అది శుభ్రంగా పోదు. స్లో మోషన్ తప్పదంటే 50 ఫ్రేంలు, 1/100 దగ్గర ఆగు.

పల్లెల్లో రాత్రి పాటలు తీసేటప్పుడు ఇంకో చిక్కుంది. టెంట్‌హౌస్ జనరేటర్ కచ్చితంగా 50 దగ్గర నిలవదు, లోడ్ పడ్డప్పుడల్లా కిందికి పోతుంది. షట్టర్ సరిగ్గానే ఉన్నా అదురు వస్తుంది. సినిమావాళ్ళు షూటింగ్ జనరేటర్ వేరేగా తెచ్చుకునేది చప్పుడు తక్కువని మాత్రమే కాదు, ఇందుకు కూడా. బడ్జెట్ లేకపోతే బ్యాటరీతో నడిచే లైట్లు వాడు. చవక ఎల్ఈడీ ప్యానెల్‌ను డిమ్మర్‌తో తగ్గించినా అదురు రావచ్చు. దాన్ని నిండుగా వెలిగించి వెనక్కి జరుపు. ఆరడుగుల నుంచి పన్నెండు అడుగులకు జరిపితే వెలుగు నాలుగో వంతు, అంటే రెండు స్టాప్‌లు తగ్గుతుంది.

ఎక్స్‌పోజర్ నేర్చుకోవడానికి మన దగ్గర ఎనుమాముల మార్కెట్‌ను మించిన బడి లేదు. మిర్చి సీజన్‌లో పర్మిషన్ అడిగి పొద్దున్నే పో. ఎండలో ఎర్రగా గుట్టలు పోసి ఉంటాయి. వేవ్‌ఫామ్ (వెలుగును 0 నుంచి 100 అంకెల్లో చూపే గ్రాఫ్) చూస్తే అంతా 60 లోపలే, ఏ ప్రమాదం లేదన్నట్టు ఉంటుంది. ఇంటికొచ్చి చూస్తే మిరపకాయ మీద ముడత లేదు, మెరుపు లేదు, ఎర్ర రంగు డబ్బా గుమ్మరించినట్టు ఒకే ముద్ద. కారణమేంటంటే, వేవ్‌ఫామ్ చూపేది మొత్తం ప్రకాశం. దాంట్లో ఎరుపు వాటా తక్కువ, ఆకుపచ్చ వాటా ఎక్కువ. ఎర్ర ఛానెల్ ఒక్కటే నెత్తి తగిలి పగిలిపోయినా, అంటే ఎక్కువై వివరం చెరిగిపోయినా, వేవ్‌ఫామ్‌కు తెలియదు. అందుకే ఆర్‌జీబీ పరేడ్ పెట్టుకుని మూడు ఛానెళ్ళూ విడివిడిగా చూడు. ఎరుపు పైకి తగులుతుంటే స్టాప్‌లో మూడింట రెండు వంతుల నుంచి ఒక స్టాప్ దాకా తగ్గించు. 10-బిట్ లాగ్‌లో (వెలుగు నీడల వివరం ఎక్కువ దాచే రికార్డింగ్ పద్ధతిలో) తీయి. పోలరైజర్ పెట్టి తిప్పితే తొక్క మీది తెల్లటి మెరుపు తగ్గి అసలు రంగు బయటికొస్తుంది, కానీ పూర్తిగా చంపకు, కాయ బొమ్మలా అయిపోతుంది.

అక్కడే ఇంకోటి గమనించు. గుట్టల నడుమ కూర్చున్న కూలి ఆమె ముఖం చూడు. గదవ కింద, ముక్కు కింద ఎర్రటి ఛాయ పడుతుంది, ఎందుకంటే మిర్చి గుట్టే ఎర్ర రిఫ్లెక్టర్. గ్రేడింగ్‌లో, అంటే తర్వాత రంగులు సరిదిద్దేటప్పుడు, దాన్ని తీయబోతే చర్మం బూడిద రంగుకు పోతుంది. ఫ్రేం కింద, ఆమె ముందర, నాలుగడుగుల నల్లబట్ట పరిస్తే ఆ ఎరుపు ఆగిపోతుంది. నల్లబట్ట కొనమన్నది ఇందుకే. కాస్త ఉంచినా నష్టం లేదు, ఆ జాగా నిజమే అది. పైలం, ఘాటుకు దగ్గు ఆగదు, మాస్కు పెట్టుకో. లెన్స్ ముందు క్లియర్ ఫిల్టర్ ఉండాలి, యార్డు నడుమ లెన్స్ మార్చొద్దు. మేడారం దుమ్ములోనూ, సింగరేణి ఓపెన్‌కాస్ట్ దగ్గరా ఇదే సూత్రం.

చర్మం సంగతి. పాటలు తీసేవాళ్ళలో చాలామంది ముఖాలను రెండు స్టాప్‌లు లేపి తెల్లగా చేస్తున్నారు. ఇది నాకు బొత్తిగా నచ్చదు. చేను పనికి పోయే మనిషి చామనఛాయలోనే అందం ఉంది. సోనీ లాగ్ పద్ధతి ఎస్-లాగ్3లో మిడిల్ గ్రే (గ్రే కార్డు నడిమి బూడిద రంగు) వేవ్‌ఫామ్ మీద 41 దగ్గర, తెల్ల కాగితం 61 దగ్గర కూర్చుంటాయి. మన చామనఛాయ ముఖం కీ వైపున మిడిల్ గ్రేకు అటూ ఇటూ ఉంటే చాలు. నల్లటి ముఖానికి ఎక్కువ వెలుగు అక్కర్లేదు, వెడల్పైన మూలం కావాలి. నాలుగడుగుల థర్మకోల్‌ను పక్కనుంచి దగ్గరగా పెడితే చెక్కిలి ఎముక మీద చెమట మెరుపు ఒక గీతలా తిరిగి, ముఖానికి ఆకారం వస్తుంది. సిల్వర్ రిఫ్లెక్టర్‌ను ఎండలో కళ్ళల్లోకి కొడితే కళ్ళు చిట్లిస్తారు, నటన పోతుంది.

ఎండ లెక్క కూడా తెలుసుకో. వరంగల్ 18 డిగ్రీల ఉత్తర అక్షాంశం మీదుంది. మే నడిమిలో, మళ్ళీ ఆగస్టు మొదట్లో, మిట్టమధ్యాహ్నం సూర్యుడు సరిగ్గా నడినెత్తిన నిలుస్తాడు. కళ్ళ గుంతల్లో నీడ, ముక్కు కింద మీసంలా నీడ. ఆ రోజుల్లో పొద్దున తొమ్మిదిన్నర దాకా, సాయంత్రం నాలుగు తర్వాత సూర్యుణ్ణి నటుల వెనక పెట్టి తీయి. నడుమ ఇంటి లోపలి సీన్లు పెట్టమని షెడ్యూల్ వేసేటప్పుడే అడుగు. బయట తప్పకపోతే తలమీద 12 అడుగుల స్కిమ్మర్ (ఎండను మెత్తబరిచే పల్చటి తెల్లబట్ట) కట్టాలి, గాలికి లేవకుండా నాలుగు మూలలా నలుగురు మనుషులు ఉండాలి. మొగులు వచ్చి పోతుంటే మాస్టర్ షాట్ మొదలుపెట్టకు, మొగులు నిలిచినంతసేపు క్లోజప్‌లు లాగించు. ఐఎస్ఓ (కెమెరా వెలుగును పట్టే శక్తి) 800, షట్టర్ 1/50 దగ్గర నిండు ఎండలో ఎఫ్ 4 కావాలంటే 8 స్టాప్‌ల ఎన్‌డీ (వెలుగు తగ్గించే నల్ల ఫిల్టర్), అంటే దాని మీద 2.4 అని ఉండేది పడుతుంది. ఎఫ్ 2.8కు 2.7. అంత మందపు ఎన్‌డీ చవకదైతే ఇన్‌ఫ్రారెడ్‌ను ఆపదు, నల్ల షర్టు వంకాయ రంగులోకి తిరుగుతుంది. ఐఆర్ ఎన్‌డీ అని అడిగి తీసుకో.

రాత్రికి వస్తే, సద్దుల బతుకమ్మ నాడు పద్మాక్షి గుట్ట దగ్గర తీయాలనుకుంటే సోనీ ఎఫ్‌ఎక్స్3లాంటి కెమెరా చాలు. ఎస్-లాగ్3లో దానికి రెండు బేస్‌లున్నాయి, అంటే బొమ్మ శుభ్రంగా వచ్చే ఐఎస్ఓ అంకెలు, 800, 12,800. 6,400 దగ్గర కన్నా 12,800 దగ్గర గింజ (సన్నటి మచ్చలు) తక్కువ. అది తెలియక నడుమ అంకె పెట్టి పాడుచేసుకునేవాళ్ళు ఎందరో. తంగేడు పసుపు నిలవాలంటే కెల్విన్‌ను ఒక దగ్గర కట్టేయి, వీధి లైట్లకు తగ్గట్టు తిప్పుతూ పోకు.

వేయిస్తంభాల గుడి, ఖిలా వరంగల్, 2021లో యునెస్కో జాబితాకెక్కిన రామప్ప, ఈ మూడూ కేంద్ర పురావస్తు శాఖ కింద ఉన్నాయి. ట్రైపాడ్ దించాలన్నా, డ్రోన్ లేపాలన్నా ముందుగా రాతపూర్వక అనుమతి కావాలి. పాటదే కదా అని పోతే సామాను పక్కన పెట్టిస్తారు, ఆ రోజు ఆర్టిస్టుల పైసలు నీ మీద పడతాయి. పైసలకు డ్రోన్ ఎగరేయాలంటే 250 గ్రాములు దాటిన దేనికైనా రిమోట్ పైలట్ సర్టిఫికెట్ ఉండాలి. గుడి నల్లరాయి మీద కెమెరా మీటర్‌ను నమ్మితే అది రాయిని బూడిద రంగుకు లేపుతుంది, ముఖాలు పగిలిపోతాయి. చేతి మీటర్‌ను ముఖం దగ్గర పెట్టి దాని మీద పడే వెలుగు కొలత, అంటే ఇన్సిడెంట్ రీడింగ్ తీసుకో.

యాడ్ గురించి ఒక్కటే చెప్తా. నగల దుకాణం యాడ్ వచ్చిందనుకో, బంగారం మీద కనబడేది దాని ఎదుట ఉన్నదాని ప్రతిబింబం. గది చీకటిగా ఉంటే హారం నల్లగా ఉంటుంది, ఎంత లైటు కొట్టినా మారదు. చుట్టూ తెల్ల కాగితం గోడలా కట్టి, ఆ కాగితం మీద లైటు వేసి, అంచులు తేలడానికి రెండు వేళ్ళ వెడల్పు నల్ల పట్టీలు నిలబెట్టు. తళుకు కోసం మాత్రం దూరాన ఒక చిన్న గట్టి లైటు.

ఇక అసిస్టెంట్ దారి. కెమెరా విభాగంలో కింద నుంచి పైకి మెట్లు ఇవి: కెమెరాతో పాటు వచ్చే అటెండెంట్; క్లాప్, కార్డులు, బ్యాటరీలు, రిపోర్టు చూసే సెకండ్ అసిస్టెంట్; నటుడు కదిలినా ఫోకస్ నిలిపే ఫోకస్ పుల్లర్; అసోసియేట్; ఆపైన డీఓపీ, అంటే సినిమాటోగ్రాఫర్. అన్నిటికన్నా ముందు వీలైతే ఏదైనా కెమెరా రెంటల్ ఆఫీసులో ఆరు నెలలు కూర్చో. నలభై రకాల లెన్సులు చేతుల మీదుగా పోతాయి, ఏ డీఓపీ ఏది ఎందుకు అడుగుతున్నాడో తెలుస్తుంది, పరిచయాలూ అక్కడే అవుతాయి. ఆ తర్వాత ఒక సీరియల్, ఒక సినిమా, ఒక యాడ్ యూనిట్, ఈ మూడింటిలోనూ పనిచేశాకే సొంతంగా దిగు. తెలుగు సినిమాలో 24 క్రాఫ్ట్‌లకూ సంఘాలున్నాయి, కెమెరామెన్‌కూ ఉంది. సభ్యత్వ కార్డు నిబంధనలు సంఘం ఆఫీసులోనే అడుగు, నడుమ మనుషులకు పైసలివ్వకు.

ఫోకస్ పుల్లర్ పని ఎందుకు దాటవేయకూడదో ఈ లెక్క చూస్తే తెలుస్తుంది. సినిమా కెమెరాల్లో వాడే సూపర్ 35 సైజు సెన్సర్ మీద 50 ఎంఎం లెన్స్, టీ 2 (ఎఫ్‌లాంటి రంధ్రం అంకె), నటుడు రెండు మీటర్ల దూరం. స్పష్టంగా ఉండే లోతు మొత్తం 16 సెంటీమీటర్లు. నటుడు కుర్చీలో ముందుకు వంగితే 25-30 సెంటీమీటర్లు కదులుతాడు. టీ 4కు మూస్తే లోతు 32 అవుతుంది, కానీ లైటు నాలుగు రెట్లు కావాలి. ఎంత లైటు తెప్పించాలి, ఎంత స్టాప్ పెట్టాలి అన్న లెక్క రెండేళ్ళు ఫోకస్ లాగితే ఒంట్లోకి దిగుతుంది. కార్డుల పని కూడా అంతే. ఎఫ్‌ఎక్స్3 ఆల్-ఇంట్రాలో 25 ఫ్రేంలకు 250 మెగాబిట్లు, అంటే గంటకు దాదాపు 112 జీబీ. రోజుకు మూడు గంటల రషెస్ (తీసిన వీడియో) ఉంటే 340 జీబీ, రెండు కాపీలకు 700 దగ్గర. కాపీలు రెండూ చెక్‌సమ్‌తో (కాపీ తేడా లేకుండా వచ్చిందో చెప్పే లెక్కతో) సరిచూసుకున్నాక మాత్రమే కార్డు ఫార్మాట్. తీసిన కార్డుకు ఎర్ర టేపు, ఖాళీదానికి ఆకుపచ్చ టేపు. అలసటలో రాత్రి 11 గంటలకు తప్పు జరగకుండా కాపాడేది ఆ టేపు ముక్కే.

చదువు విషయం. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఎఫ్‌టీఐఐ 1960 నాటిది, కోల్‌కతా సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్ 1995 నాటిది. రెండింటిలోనూ సినిమాటోగ్రఫీ కోర్సుకు డిగ్రీ, ఎంట్రన్స్ ఉండాలి. నీకు డిగ్రీ ఉంటే రెండుసార్లు రాసి చూడు. సీటు వస్తే అన్నీ వదిలి పో. హైదరాబాద్ జేఎన్ఏఎఫ్ఏయూలో (జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీలో) ఫొటోగ్రఫీ డిగ్రీ ఉంది, ఇంటర్ అయినవాళ్ళకు మంచిది. లక్షలు తీసుకుని మూడు నెలల్లో డీఓపీని చేస్తామనేవాళ్ళ జోలికి పోకు.

అన్నీ చేసినవాళ్ళు ఎలా ఉంటారో చూడాలంటే మార్కస్ బార్‌ట్లీని చూడు. 1957లో మాయాబజార్‌కు నలుపు తెలుపులో వెన్నెల పుట్టించినవాడే 1965లో మలయాళ సినిమా చెమ్మీన్‌కు సముద్రపు ఒడ్డును రంగుల్లో పట్టాడు. ఇంకా మనకు దగ్గరైంది ఏ.కె. బీర్. హిందీ సినిమా 27 డౌన్‌లో రైలును నలుపు తెలుపులో తీశాడు, 1988లో బి. నర్సింగరావు దాసిలో మన తెలంగాణ గడి లోపలి చీకటిని తీసి జాతీయ అవార్డు అందుకున్నాడు. దాసిని ఒకసారి శబ్దం తీసేసి చూడు. ప్రతి షాట్‌లో వెలుగు ఎటునుంచి వస్తుందో కాగితం మీద బాణం గుర్తు వేస్తూ పో.

పని అడగడానికి షోరీల్ (నీ పని చూపే చిన్న వీడియో) కావాలి కదా. 90 సెకన్ల నుంచి 2 నిమిషాలు, అంతకు మించొద్దు. పాట బీటుకు కత్తిరించిన గింబల్ ముక్కలు డీఓపీలు చూడరు. దానికి ఇలా చేయి. మీ ఇంట్లోనే ఒక కిటికీ ఉన్న గది, ఇద్దరు మనుషులు, ఒక పేజీ సంభాషణ తీసుకో. అదే పేజీని నాలుగు సార్లు తీయాలి. మొదటిసారి డాక్యుమెంటరీలాగా, లైటు లేకుండా, కిటికీ వెలుగు, ఒక థర్మకోల్‌తో. రెండోసారి సీరియల్‌లాగా, లైటింగ్‌కు 20 నిమిషాలే, రెండు కెమెరాలతో, అన్ని షాట్లూ గంటన్నరలో. మూడోసారి సినిమాలాగా, 4:1 దగ్గర, మాస్టర్ పొద్దున, క్లోజప్‌లు సాయంత్రం, కిటికీ బయట పెట్టిన లైటుతో పొద్దున వెలుగును నిలబెట్టి. నాలుగోసారి యాడ్‌లాగా, వాళ్ళ చేతిలోని చాయ్ గ్లాసు కోసమే తీసినట్టు, వెనకనుంచి వెలుగు చాయ్ గుండా వచ్చేలా, గ్లాసు వెనక చిన్న తెల్ల కాగితం ముక్క నిలబెట్టి. నాలుగింటికీ గడియారం పెట్టుకో, టైం దాటితే ఆ రోజు ఆపేసి మళ్ళీ మొదటినుంచి తీయి. కెమెరా కిరాయికి రెండు రోజులు చాలు. ప్రతి దానికింద పట్టిన టైం, వాడిన లైట్లు తెరమీద రాసి పంపు.